పిన్ను తియ్యకూడని కాగితం

సోమవారం పొద్దున తొమ్మిదీ పదికి డోరీన్ మజూర్ 'క్రెయిల్ అండ్ లోమాక్స్' లా ఫర్మ్ నేలమాళిగలోకి దిగింది. కోర్టు మధ్యాహ్నం రెండింటికి. ఈలోగా వర్నెల్ గైన్స్ దొంగ కాదని తేల్చాలి. తేల్చలేకపోతే, ముప్ఫై ఏడేళ్ళుగా ఈ నేలమాళిగలో వీలునామాలకి కాపలా కాసిన మనిషిని కోర్టు మెట్ల మీదే పోలీసులు కారెక్కిస్తారు.

డోరీన్‌ని పిలిపించింది ఫర్ము కాదు, వర్నెల్ కూడా కాదు. పై అంతస్తుల్లో పనిచేసే సెక్రటరీలు. ఇరవై ఆరుగురు చందాలు వేసుకుని, "మా వర్నెల్ మీద ఈగ వాలితే ఊరుకోం" అంటూ ఆమె గుమ్మం ముందు నిలబడ్డారు. ఇరవై నాలుగేళ్ళు తపాలా శాఖలో దొంగ ఉత్తరాలూ, మోసపు మనియార్డర్లూ పట్టుకుని రిటైరైన డోరీన్‌కి ఒకేసారి ఇంతమంది యజమానులు ఎన్నడూ లేరు. ఓడిపోయి ఇరవై ఆరుగురికి సంజాయిషీ చెప్పుకోవడం కంటే గెలవడమే తేలికనుకుంది.

స్ట్రాంగ్ రూమ్ ఇనప తలుపు ముందు, చేతిసంచీ ఒళ్ళో పెట్టుకుని కూర్చునుంది వర్నెల్. అరవై ఒక్కేళ్ళ నల్లజాతి మనిషి. శుక్రవారం నుంచీ సస్పెన్షన్‌లో ఉన్నా, ఫర్ము పెద్ద ఎవరెట్ లోమాక్స్ దయతలిచి ఈ ఒక్క పూటకి లోపలికి రానిచ్చాడు. వచ్చీ రాగానే అలవాటు కొద్దీ బల్ల మీద దుమ్ము తుడిచేసింది.

"మొదట్నుంచీ చెప్పండి. హారియట్ కోల్‌డ్రెన్ గారి వీలునామా ఈ గదిలోకి ఎప్పుడొచ్చింది?" అని అడిగింది డోరీన్.

"ఎనభై ఎనిమిది, అక్టోబరు పన్నెండు. అప్పట్లో ఇక్కడ లాయరు బోవెన్ గారు, ఆయనే రాసి, ఆయనే తెచ్చి నా చేతికిచ్చారు. అయిదు పేజీలన్నారు."

"మీరు చదివారా?"

"చదివే దాన్నయితే ఇన్నేళ్ళు ఈ కుర్చీలో ఉంచుతారా తల్లీ? కవరు మీద పేరు చదవడం వరకే నా ఉద్యోగం."

"మరి నకలు?"

"లేదు. ముసలావిడ వద్దన్నారు. నకలుంటే తన మేనల్లుడు వాసన పట్టేస్తాడన్నారట. సాక్షి సంతకాలు పెట్టిన ఇద్దరు టైపిస్టులకి కూడా ఆఖరి పేజీయే చూపించారు. అది ఇక్కడ మామూలే. సాక్షులు సంతకం చూస్తారు గానీ సంగతి చూడరు."

"బోవెన్ గారు?"

"పోయి మూడేళ్ళయింది. ఇప్పుడు ఆవిడా పోయింది. బుధవారం పొద్దున ఆరింటికి నర్సు వెళ్ళి చూస్తే, అంతకు కాసేపటి ముందే ప్రాణం పోయిందట. గుండె అన్నారు."

అంటే ఆస్తి పంపకం రాసిన మూడో పేజీలో, వర్నెల్ మార్చేసిందంటున్న ఆ పేజీలో, మొదట ఏముండేదో చెప్పగల మనిషి భూమ్మీద లేడు. ఇప్పుడున్న మూడో పేజీ మాత్రం ఆస్తంతా హిల్ పేటలో బీదవాళ్ళ కోసం నడిపే ఉచిత వైద్యశాలకి రాసింది. ఆ వైద్యశాల కమిటీలో వర్నెల్ సభ్యురాలు. మేనల్లుడికి దక్కింది ఒక గోడగడియారం. గోడగడియారం దక్కినవాడు ఊరుకుంటాడా?

"గురువారం పదీ పావుకి కవరు తీసి లోమాక్స్ గారి చేతికిచ్చాను. అందరి ముందూ ఆయన చదివారు. మా వైద్యశాల పేరు వినగానే నోట మాట రాలేదు, ఆనందంతో. అయిదు నిమిషాలకి ఆ మేనల్లుడి మనిషి స్టిట్ వీలునామా వెనకుండే నీలి అట్ట మడత గోటితో పైకెత్తి, 'ఇదిగో, పిన్నుకి పైన ఖాళీగా రెండు చిల్లులు' అన్నాడు. మళ్ళీ నోట మాట రాలేదు. ఈసారి భయంతో."

ఆ భయం ఎందుకో డోరీన్‌కి విడమరిచి చెప్పనక్కర్లేదు. వీలునామాకి పిన్ను ఒక్కసారే కొట్టాలి. రెండో జత చిల్లులు కనబడ్డాయంటే ఎవరో విప్పి కాగితం మార్చారనే కోర్టు అనుకుంటుంది. ఈ ఫర్ములో కొత్తగా చేరిన లాయరుకి మొదటి రోజు చెప్పేది జీతం గురించి కాదు, సెలవుల గురించి కాదు. చచ్చినా వీలునామా పిన్ను తియ్యకు, అని. పిన్ను తీసిన వీలునామా విరిగిన పాలతో సమానం.

"తాళం చెవులెన్ని?"

"రెండు. ఒకటి నా మెళ్ళో. రెండోది లోమాక్స్ గారి సొరుగులో. దాన్ని ముట్టుకుని ఏళ్ళయిందని ఆయనే స్టిట్‌కి చెప్పారట. నిజమే అయ్యుంటుంది, ఆయన మోకాళ్ళకి ఈ మెట్లు పడవు."

"మీరీ కుర్చీ వదిలేదెప్పుడు?"

"పదకొండున్నరకి భోజనానికి లేస్తాను. పన్నెండూ పావుకల్లా వచ్చేస్తాను. పన్నెండింటికి వెళ్ళామా, లిఫ్టులో కుర్ర లాయర్లు తొక్కి చంపుతారు."

"ఆ సంగతి ఎంతమందికి తెలుసు?"

"నన్ను చూసి గడియారాలు సరిచేసుకుంటారమ్మా ఇక్కడ!"

ఆ మాటకి ఇద్దరూ నవ్వారు. నవ్వి, వర్నెల్ కళ్ళు తుడుచుకుంది. "జైలుకి భయపడనని చెప్పను. భయమే. కానీ అంతకంటే ఎక్కువగా, ఆ ముసలావిడ మనసు పడి రాసిన మాట నా మూలంగా చెల్లకుండా పోతుందేమోనని నిద్ర పట్టట్లేదు."

తొమ్మిదీ నలభైకి ఇద్దరూ ఇనప తలుపు తీసి లోపలికెళ్ళారు. పొడవాటి రేకు సొరుగులు, వాటిలో దారం చుట్టిన కవర్లు. నదికి దగ్గరేమో, గోడలకి చెమ్మ. సొరుగు పిడులకి కూడా తుప్పు పట్టింది. డోరీన్ 'కో' సొరుగు లాగి, కోల్‌డ్రెన్ కవరు ఉన్న చోటు చూసింది, కింద తడిమింది, మోకాళ్ళ మీద కూర్చుని సొరుగు వెనక దీపం వేసింది. ఏమీ లేదు. ఎవరో వచ్చి దర్జాగా తీసుకుని దర్జాగా పెట్టి వెళ్ళిన చోట ఏముంటుంది?

మూలనున్న చెక్క అలమర తెరిచింది. నీలం కాగితాల కట్టలు.

"ఇవేనా వీలునామా వెనక పెట్టే అట్టలు?"

"అవును. వెనక పెట్టి, పై అంచు ముందుకి మడిచి, మడత మీద పిన్ను కొడతాం. ఫర్ము పేరు బయటికి కనబడాలి. వందేళ్ళుగా ఇదే పద్ధతి."

డోరీన్ కట్టలు ఒక్కొక్కటే తిప్పింది. అడుగున 'క్రెయిల్ అండ్ సన్'. దాని మీద 'క్రెయిల్ అండ్ బోవెన్'. దాని మీద పెద్ద కట్ట, 'క్రెయిల్, బోవెన్ అండ్ లోమాక్స్'.

"ఇప్పటి పేరుతో ఒక్కటీ లేదే!"

"అవి పైన, స్టేషనరీ గదిలో. పేరు మారినప్పుడల్లా పాతవి తగలెయ్యమంటారు. నాకు చేతులు రావు. బోవెన్ గారు లోమాక్స్ గారితో పడక తొంభై ఒకటి మార్చిలో వెళ్ళిపోయారు. శుక్రవారం ఆయన వెళ్ళారు, సోమవారానికల్లా గుమ్మం మీద పేరు చెక్కేశారు. మనిషిని ఎలాగూ పంపించారు, పేరైనా ఒక మూల ఉండనీ అని దాచాను."

"అయితే కోల్‌డ్రెన్ వీలునామా అట్ట మీద ఏ పేరుండాలి?"

"ఎనభై ఎనిమిది కదా. మూడు పేర్లూ ఉండాలి."

"గురువారం మీరు చూడలేదా?"

"నేనిచ్చింది దారం చుట్టిన కవరు. ఆ తర్వాత దాని దరిదాపులకి నన్ను రానిస్తేగా!"

డోరీన్ మూడు పేర్ల అట్ట ఒకటి తీసి సంచిలో పెట్టుకుంటుండగా గుమ్మం దగ్గర బూట్ల చప్పుడైంది. రోలండ్ స్టిట్. ఒకప్పుడు నగర పోలీసుల్లో డిటెక్టివ్, ఇప్పుడు డబ్బున్నవాళ్ళ డిటెక్టివ్. పదేళ్ళ కిందట అతను దొంగని చెప్పి జైల్లో పెట్టించిన పోస్ట్‌మన్‌ని డోరీన్ బయటికి తెచ్చింది. అది అతను మర్చిపోలేదు, ఆమె మర్చిపోనివ్వలేదు.

"ఏం పోస్టమ్మా, స్టాంపులు దొరికాయా ఇక్కడ?"

"నీ నుదుటి మీద వెయ్యడానికి ఒక ముద్ర వెతుకుతున్నా. చిరునామా తప్పు, వెనక్కి పంపవలెను, అని."

"వెతుక్కో. రెండింటికి కోర్టు మెట్ల దగ్గర మా పాత స్నేహితులు ఇద్దరుంటారు, బేడీలతో. చిల్లులు నాలుగు, తాళం ఈవిడది, లాభం ఈవిడది. ఇంకేం కావాలి?"

"బుద్ధి కావాలి స్టిట్. నాలుగు చిల్లులు నువ్వు ఎన్ని పేజీల మీద లెక్కపెట్టావు?"

"మొదటి పేజీ మీద."

"మిగతా నాలుగు పేజీలు?"

"ఎలా చూస్తాను? పిన్ను కింద బిగిసి ఉన్నాయి, పైన మడత. పిన్ను తియ్యకూడదు కదా!"

"మరదే," అంది డోరీన్. ఆమె మొహంలో అంతవరకూ లేని వెలుగు వచ్చింది. "మీరంతా పిన్నుకి దణ్ణం పెట్టి ఆగిపోయారు."

పన్నెండున్నరకి పదిహేనో అంతస్తు సమావేశపు గదిలో వీలునామా బల్ల మీదకొచ్చింది. దాన్ని కోర్టుకి తీసుకెళ్ళడానికి అనాథల కోర్టు ఉద్యోగి డాంబ్రోస్కీ వచ్చి కూర్చున్నాడు. ఈ రాష్ట్రంలో వీలునామా తగువులు తేల్చే కోర్టుకి ఆ పేరే ఉంది. లక్షల ఆస్తికి కొట్టుకునే మేనల్లుళ్ళు కూడా అక్కడ అనాథలే. ఎవరెట్ లోమాక్స్ బల్ల మొదట్లో, తెల్లటి జుట్టు, తెల్లటి రుమాలు. పక్కన కాగితం, కలంతో ఇరవై తొమ్మిదేళ్ళ జూనియర్ లాయరు గ్రెచెన్ ఓలెన్‌బాక్. ఫర్ములో చేరి రెండేళ్ళు. వర్నెల్‌ని గోడవారన కూర్చోబెట్టారు. స్టిట్ నిలబడ్డాడు, గెలిచేవాళ్ళు కూర్చోరన్నట్టు.

డోరీన్ చేతులు వెనక కట్టుకుని వంగి చూసింది. నీలి అట్ట మీద 'క్రెయిల్ అండ్ లోమాక్స్' అని రెండే పేర్లున్నాయి. ఆమె అనుకున్నదే. సంచిలోంచి మూడు పేర్ల అట్ట తీసి పక్కన పెట్టింది.

"లోమాక్స్ గారూ, ఎనభై ఎనిమిదిలో రాసిన వీలునామాకి తొంభై ఒకటి తర్వాత అచ్చువేసిన అట్ట ఎలా వచ్చింది?"

లోమాక్స్ కళ్ళజోడు పెట్టుకుని, తీసి, మళ్ళీ పెట్టుకున్నాడు. "అరె. అట్ట ఎవరు చదువుతారమ్మా? పుట్టిన దగ్గర్నుంచీ చూస్తున్నాం కాబట్టి చూడనే చూడం."

"చూడండి. వెనక పక్క తిప్పితే ఈ అట్టకి రెండే చిల్లులు, ఇప్పుడున్న పిన్నువి. పాత చిల్లులు లేవు. అంటే విప్పినవాళ్ళు అట్ట మార్చారు."

"మార్చింది ఈవిడే," అన్నాడు స్టిట్, గోడ వైపు గెడ్డం ఎగరేస్తూ. "పేజీ మార్చిన చేత్తోనే అట్టా మార్చింది."

"వర్నెల్ కుర్చీకి నాలుగడుగుల్లో ఈ మూడు పేర్ల అట్టలు కట్టకి కట్ట ఉంది. ఈ ఫర్ము పేరు ఏ సోమవారం మారిందో నిద్రలో లేపినా చెబుతుంది. అలాంటిది, ఆవిడ మెట్లెక్కి పైకొచ్చి, తప్పుడు పేరున్న అట్ట ఏరుకుని తీసుకెళ్తుందా? ఫర్ముకి ఎప్పుడూ ఈ రెండు పేర్లేననుకునేవాళ్ళు చేసిన పని ఇది. కొత్తవాళ్ళు."

గ్రెచెన్ కలం ఆగింది.

"మాటలు," అన్నాడు స్టిట్. "రుజువు చూపించు."

"చూపిస్తా. పిన్ను తీద్దాం."

గదిలో పిడుగు పడ్డట్టయింది. లోమాక్స్ సగం లేచాడు. డాంబ్రోస్కీ వీలునామా మీద రెండు చేతులూ అడ్డం పెట్టాడు. వర్నెల్ కూడా, తన ప్రాణం కోసమే అడుగుతున్నారని తెలిసీ, "అయ్యో వద్దు తల్లీ!" అనేసింది. ముప్ఫై ఏడేళ్ళ భక్తి మరి.

"నూట నాలుగేళ్ళ ఫర్మమ్మా ఇది. ఇంతవరకూ ఈ గదిలో ఒక్క వీలునామా పిన్ను తియ్యలేదు," అన్నాడు లోమాక్స్.

"ఒకటి తీశారు సార్, అందుకే మనం ఇక్కడున్నాం. డాంబ్రోస్కీ గారూ, జడ్జి గారికి ఫోన్ చెయ్యండి."

ఒంటిగంటకి అయిదు నిమిషాలుండగా జడ్జి దొరికింది. డాంబ్రోస్కీ చాలాసేపు "అవునండీ" అనీ, రెండుసార్లు "కాదండీ" అనీ, ఫోన్ పెట్టేశాడు.

"తియ్యమన్నారు, నా ముందు. మూడో జత చిల్లులు పడితే గదిలో ఉన్న అందర్నీ లోపలేస్తానన్నారు."

డోరీన్ సంచిలోంచి సన్నటి రేకు ముక్క తీసింది. వేలకొద్దీ కవర్లు అంటుకున్నది అంటుకున్నట్టే తెరిచిన రేకు అది. పిన్ను కాళ్ళు నిదానంగా పైకి లేపింది. పిన్ను బల్ల మీద పడింది, తళతళా కొత్తగా. అట్ట తీసేసి, అయిదు పేజీలూ వరసగా పరిచింది.

"రా స్టిట్. లెక్కపెట్టు. మొదటి పేజీ?"

"నాలుగు చిల్లులు."

"రెండు?"

"నాలుగు."

"మూడు?"

స్టిట్ వంగాడు. కొంచెం ఆగి, "నాలుగు," అన్నాడు. "అయితే ఏంటి? కొత్త పేజీ పెట్టి దానికీ రెండు చిల్లులు పొడిచి ఉంటుంది. సూది ఉంటే చాలు."

"చాలు. చిల్లు పొడవచ్చు. తుప్పు పొడవగలవా?"

జేబులోంచి భూతద్దం తీసి అతని చేతిలో పెట్టింది. పాత చిల్లుల చుట్టూ గోధుమరంగు మరకలున్నాయి. నేలమాళిగ చెమ్మకి ఎనిమిదేళ్ళు పాత పిన్ను తుప్పు పట్టి, ఆ తుప్పు కాగితంలోకి దిగింది. మొదటి పేజీలో ముదురుగా, రెండో పేజీలో ఒక పిసరు తక్కువగా, మూడో దాంట్లో ఇంకాస్త తక్కువగా ఉంది. మళ్ళీ నాలుగులో కొంచెం పెరిగి, పిన్ను కాళ్ళు మడిచిన వైపు, అయిదో పేజీలో ముదిరింది. ఎడమ చిల్లు పక్కన చిన్న తోకలాంటి మరక. అది అయిదు పేజీల్లోనూ అదే చోట, అదే వంపుతో ఉంది.

"మూడో పేజీ నిన్నామొన్నా వచ్చి కూర్చున్నదైతే దానికి ఈ తుప్పు ఎక్కణ్ణించి వస్తుంది? ఈ అయిదూ ఎనభై ఎనిమిది నుంచీ ఒకే పిన్ను కింద పడుకున్నాయి. ఎవరో విప్పారు, నిజం. విప్పినవాళ్ళు ఒక్క పేజీ కూడా మార్చలేదు, అదీ నిజం. మార్చింది అట్ట ఒక్కటే."

స్టిట్ భూతద్దం పెట్టుకుని ఒక్కో పేజీ మీద పాకాడు. మూడో పేజీ వెలుతురుకెత్తి చూశాడు. మళ్ళీ రెండో పేజీ, మళ్ళీ మూడో పేజీ. అతను మొండివాడు, గర్విష్ఠి, డోరీన్‌కి అతనంటే గిట్టదు. కానీ కళ్ళముందున్నదాన్ని లేదనే రకం కాదు.

"నాకు జీతమిచ్చేవాడు ఇవాళ నన్ను నమిలేస్తాడు," అన్నాడు చివరికి. భూతద్దం బల్ల మీద పెట్టి, వర్నెల్ ముందుకెళ్ళి నిలబడ్డాడు. "మేడమ్, నేను పొరబడ్డాను. కోర్టు దగ్గరికెళ్ళి ఆ ఇద్దరు పోలీసుల్నీ పొమ్మని చెబుతా." రెండడుగులు వేసి వెనక్కి తిరిగాడు. "పోస్టమ్మా, ఇది రెండోసారి."

"మూడోసారికి మిఠాయి తెస్తా, పో."

వర్నెల్ లేవబోయి లేవలేక మళ్ళీ కూర్చుంది. "అయితే ఆవిడ రాసింది రాసినట్టే ఉందా? ఒక్క అక్షరం కూడా పోలేదా?" అని రెండుసార్లు అడిగింది. పోలేదని డాంబ్రోస్కీ చెప్పాక, చేతిసంచీ మొహానికి అడ్డం పెట్టుకుని ఏడ్చింది. నాలుగు రోజులు బిగబట్టిన ఏడుపు.

కబురు ఫోన్లకంటే ముందే పాకింది. తలుపు తెరిచేసరికి నడవంతా సెక్రటరీలు. ఎవరో పళ్ళెం నిండా కుకీలు తెచ్చారు. ఎవరో వర్నెల్‌ని ఎత్తబోయి, ఆవిడ అరిచేసరికి దించారు. లోమాక్స్ అందరి మధ్యకీ వచ్చి వర్నెల్ చెయ్యి పట్టుకున్నాడు. "నాకు ముందే తెలుసు వర్నెల్, నీ మీద నాకెప్పుడూ అనుమానం లేదు. కోర్టుకి నా కారులో నేనే తీసుకెళ్తా. నువ్వు ముందు సీట్లో కూర్చోవాలి." అందరూ చప్పట్లు కొట్టారు.

డోరీన్ కూడా కొట్టింది. ఒక కుకీ నోట్లో వేసుకుని చుట్టూ చూసింది. గ్రెచెన్ కనబడలేదు. గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకునేవాళ్ళని ఆమె చాలామందినే చూసింది. 'కొత్తవాళ్ళు' అన్నప్పుడు కలం ఆపిన చెయ్యి ఆమెకి గుర్తుంది.

ఒంటిగంటన్నరకి స్టేషనరీ గదిలో దొరికింది, నీలి అట్టల అర ముందు, కళ్ళు ఎర్రగా.

"నేనే మేడమ్," అంది డోరీన్ నోరు తెరవకముందే. "వర్నెల్ గారు బయటపడ్డారు, ఇంక నా ఉద్యోగం పోయినా ఫర్వాలేదు. వారం రోజుల్నుంచీ తిండి దిగట్లేదు. ఇప్పుడు చెప్పేస్తుంటే ఎంత హాయిగా ఉందో!"

"చెప్పమ్మాయ్. నిదానంగా."

"నకలు కావాలన్నారు. జిరాక్స్ మీద పరిస్తే మడత దగ్గర అక్షరాలు పడలేదు. పిన్ను తీశాను. తియ్యకూడదని తెలుసు, తొందరలో తీసేశాను. పాత అట్ట పెళుసుగా ఉంది, మడత దగ్గర పర్రున చిరిగింది. ఈ అరలోంచి కొత్తది తీసి కొట్టేశాను. పేరు వేరే ఉంటుందని నాకెలా తెలుస్తుంది? నేను చేరినప్పట్నుంచీ ఇదే పేరు."

"స్ట్రాంగ్ రూమ్ తాళం?"

"లోమాక్స్ గారిచ్చారు. వర్నెల్ భోజనానికెళ్ళింది, ఆమెని పిలవడమెందుకు, నువ్వే తెచ్చుకో అన్నారు. తర్వాత గొడవైనప్పుడు చెప్పేస్తానంటే, నోరు మూసుకో, నేను చూసుకుంటానన్నారు."

డోరీన్ నమలడం ఆపింది. సొరుగులో తాళం ముట్టుకుని ఏళ్ళయిందన్న మనిషి.

"నకలు ఎందుకన్నారు?"

"కోల్‌డ్రెన్ గారు రాత్రి పోయారు, కుటుంబానికి వెంటనే ఇవ్వాలన్నారు."

"ఇదంతా ఏ రోజు? ఎన్నింటికి?"

"పదకొండూ నలభైకి. రోజు బాగా గుర్తుంది. మంగళవారాలు పన్నెండింటికి జూనియర్లందరికీ పెద్దవాళ్ళతో భోజనం, ఫర్ము చరిత్ర చెబుతారు. చిరిగిన అట్ట గోలలో పడి నేను పావుగంట ఆలస్యంగా వెళ్ళాను. అందరి ముందూ చివాట్లు తిన్నాను."

"మంగళవారం," అంది డోరీన్.

"అవును."

"గ్రెచెన్, హారియట్ కోల్‌డ్రెన్ చచ్చిపోయింది బుధవారం పొద్దున."

గ్రెచెన్ వేళ్ళ మీద ఒకసారి లెక్కపెట్టింది, తప్పు తనదేమోనన్నట్టు.

మంగళవారం పదకొండూ నలభైకి హారియట్ కోల్‌డ్రెన్ బతికే ఉంది. మరో పద్దెనిమిది గంటలకి గానీ నర్సు ఆమె గది తలుపు తియ్యలేదు. ఆ ప్రాణం పోతుందని ముందు రోజే ఒక మనిషికి తెలుసు. తాళం మాట అబద్ధమని బయటపడకుండా, వర్నెల్ జైలుకి పోయినా ఫర్వాలేదనుకున్న మనిషి.

డోరీన్ స్టేషనరీ గది తలుపు విసురుగా తెరిచింది. నడవ ఖాళీ. పళ్ళెంలో కుకీలు అయిపోయాయి, సెక్రటరీలు బల్లల దగ్గరికి వెళ్ళిపోయారు. చివర, లిఫ్టు తలుపులు తెరుచుకుంటున్నాయి. వర్నెల్ నవ్వుతూ వెనక్కి తిరిగి చెయ్యి ఊపింది. ఆమె భుజం మీద లోమాక్స్ చెయ్యి వేసి ఉంది.

"వర్నెల్ గారూ, ఆగండి! మనం నడిచెళ్దాం. నాలుగు వీధులేగా!" అంటూ డోరీన్ పరుగు లాంటి నడకతో వచ్చింది. వెనకే గ్రెచెన్.

లోమాక్స్ ముందు డోరీన్‌ని చూశాడు, మర్యాదగా. తర్వాత ఆమె భుజం మీదుగా గ్రెచెన్ మొహం చూశాడు. చాలాసేపు చూశాడు.

"గ్రెచెన్, ఈవిడకి ఏం చెప్పావమ్మా?" అని అడిగాడు, మెత్తగా.

గ్రెచెన్ డోరీన్ వెనక్కి జరిగింది. లిఫ్టు తలుపు మూసుకోబోతే లోమాక్స్ కాలు అడ్డం పెట్టాడు. వర్నెల్ భుజం మీంచి మాత్రం చెయ్యి తియ్యలేదు.